సరిహద్దు లేని తెలుగు

ఆంధ్ర, మదరాసు రాష్ట్రముల నడుమ చిరకాలము నలిగిన సరిహద్దు తగవు పటాస్కరు తీర్పుతో సమసి, 1960 ఏప్రిల్ 1వ తేదీన తిరుత్తణి మదరాసులోను, దానికి ప్రతిగా చెంగల్పట్టు, సేలము జిల్లాల గ్రామములు కొన్ని ఆంధ్రలోను చేరినప్పుడు, ఇరుపక్షములవారును తమ భాషకు దక్కినదెంత, పోయినదెంత యని లెక్కలు వేసికొనిరి. ఆ లెక్కలలో ఎవరికిని తట్టనివారు కొందఱుండిరి. వారు సరిహద్దుకు చాల దక్షిణమున, కోయంబత్తూరు నల్లరేగడి చేలలోను, మదుర చుట్టుపట్ల పాళెములలోను తరతరములుగా కాపురమున్న తెలుగువారు. 1952 డిసెంబరులో పొట్టి శ్రీరాములు ప్రాణములర్పించిన ఉద్యమమున గాని, మఱుసటి యేడు అక్టోబరు 1న ఆవిర్భవించిన ఆంధ్రరాష్ట్రమున గాని వారికి వాటా లేదు. భాషాప్రయుక్త రాష్ట్రమనగా భాషనుబట్టి నేలను పంచుకొనుట గనుక, పంపకమునకు అందనంత లోతట్టున నున్నవారు ఆ వ్యవహారమునకే బయటివారైరి.

అక్కడి తెలుగు క్షీణించుటకు తమిళ ప్రభుత్వమే కారణమని మనలో కొందఱు సభలలో తేలికగా అనుచుందురు. నాకట్లు తోచదు. రాజ్యము చేతనున్న రెండు వందల యేండ్లలో తెలుగునకు బడి పెట్టనివారును, ధనము చేతికి వచ్చిన నూఱేండ్లలో బడి పెట్టనివారును ప్రధానముగ మనవారే. నేటి చట్టములు చేయుచున్నదెల్ల ఆ పాతలోపమునకు అంకెల ముద్ర వేయుట మాత్రమే.

మదుర నాయకుల రాజ్యము 1529 ప్రాంతమున విశ్వనాథనాయకునితో మొదలై 1736లో రాణి మీనాక్షితో ముగిసినది. విజయనగర ప్రభువుల ప్రతినిధిగా వచ్చిన విశ్వనాథుడు, ఆర్యనాథ మొదలియారు తోడ్పాటుతో దేశమును డెబ్బదిరెండు పాళెములుగ విభజించి, మదురకోట బురుజునకొక పాళెగాని చొప్పున కాపు పెట్టెనని సంప్రదాయము చెప్పుచున్నది. పాళెగాడు తన రాబడిలో మూడవవంతు రాజునకు చెల్లించి, మూడవవంతుతో సేనను పోషించి, తక్కిన దానిని తానుంచుకొనెడివాడట. దక్షిణమున మఱవ దొరలును ఈ పాళెగాండ్రలో నుండిరి గాని, దిండుగల్లు సీమనుండి కోయంబత్తూరు చుట్టునున్న కొంగునాటి వఱకు పెక్కు పాళెములు తెలుగువారైన కంబళత్తు నాయకులవి. వారి వెంట బంటులు, బంటుల వెంట కాపులు, కమ్మవారు, రెడ్లు, బలిజలు, నేతగాండ్రు, తోలుపని చేయువారు, పురోహితులు, ఇట్లు ఒక సంఘమంతయు తన తారతమ్యములతో సహా దక్షిణమునకు తరలినది.

ఆ పరిపాలనలో నేటి మనకు ఆశ్చర్యము గొలుపునది భాషావ్యవహారము. తిరుమలనాయకుడు (1623–1659) తెలుగింటి ప్రభువు. ఆయన కొలువున మంత్రిగానుండిన నీలకంఠదీక్షితుడు సంస్కృతకవి. కుమరగురుపరుడు తన మీనాక్షి పిళ్లైత్తమిళును ఆ ప్రభువు సన్నిధినే వినిపించెనని తమిళుల ప్రతీతి. 1606లో మదుర చేరిన ఇటలీదేశపు మతబోధకుడు రాబర్టు డి నోబిలి, పురజనులతో మాటలాడుటకు తమిళమును, పండితులతో వాదించుటకు సంస్కృతమును నేర్చి ఊరకుండక తెలుగును కూడ అభ్యసించెను. రాజ్యమునకొక్క భాషయే యుండవలెనను నియమము ఆనాటివారి తలపులోనికే రాలేదు.

అయినను దీనిని చూచి మురిసిపోవుటకు తొందరపడరాదు. ఆ తెలుగు ఎచ్చట నివసించినదని విచారింపవలెను. అది కొలువుకూటమున నివసించినది. సముఖము వేంకటకృష్ణప్పనాయకుడు జైమినీభారతమును, సారంగధర చరిత్రమును వచనమున రచించెను. విజయరంగ చొక్కనాథుడు స్వయముగా శ్రీరంగ మాహాత్మ్యమును వచనముగ సంతరించెను. పద్యమే కావ్యమనుకొన్న కాలమున వచనమునకు పీటవేసిన గౌరవము మదురది, దానిని కోస్తావారమైన మనము ఇప్పటికిని మనస్ఫూర్తిగా ఒప్పుకొనము. నిడదవోలు వెంకటరావుగారు దక్షిణదేశీయాంధ్ర వాఙ్మయమునంతటిని వెదకి యొకచోట కూర్చి యుండకపోయినచో మనకు ఆమాత్రమైనను తెలియదు. కాని ఆ వచనమును చదువగలిగిన కాపుకుఱ్ఱడు ఎవడు? ఊరి లెక్క తమిళమున నడచెను; ఆ సీమలో గుడిగోడమీది శాసనము చాలవఱకు తమిళమే; వీథిబడిలో తాటాకుమీద దిద్దించిన అక్షరములును తమిళమే. తెలుగు రాజుగారికి అలంకారము, రైతునకు నోటిమాట. ఆ రెంటి నడుమ ఉండవలసిన పంతులు లేడు. అందుచేత ఆర్కాటు నవాబు అల్లుడైన చందాసాహేబు వంచనచే మీనాక్షి సింహాసనము కూలిన దినముననే కావ్యభాష నిరాశ్రయమయ్యెను, నోటిమాట మాత్రము యథాప్రకారము పొలములో మిగిలెను. మదుర నాయకుల బంధువర్గము 1739 మొదలు 1815 వఱకు సింహళమున కందినగరమునేలిన కథ వేఱు. అక్కడను వారు ఏలిన జనుల భాషకే, మతమునకే ప్రాపుగ నిలిచిరి.

పాళెగాండ్ర సంగతి మఱింత విచిత్రము. 1799 అక్టోబరు 16వ తేదీన కయత్తాఱులో ఆంగ్లేయులు ఉరిదీసిన పాంచాలంకురిచ్చి వీరపాండ్య కట్టబొమ్మన తెలుగు మాటలాడు కంబళత్తువాడు, జక్కమ్మ ఆయన కులదేవత. నేడాయన తమిళనాటకమునకు, 1959నాటి సుప్రసిద్ధ తమిళ చలనచిత్రమునకు నాయకుడు. ఇందులో మన సొమ్మెవరో అపహరించిరని విలపింప బనిలేదు. ఏ నేలకొఱకు ప్రాణము విడిచెనో ఆ నేలమాటలో ఆయన కీర్తి నిలిచినది. ఆయనకు ప్రతిపక్షి యైన ఎట్టయపురము సంస్థానమును తెలుగుమూలము గలదే. సుబ్బరామదీక్షితుల సంగీత సంప్రదాయ ప్రదర్శిని 1904లో ఆ యెట్టయపురముననే తెలుగులిపిలో అచ్చుపడినది. దక్షిణాదిసంగీతమునకంతటికి ఆకరమైన ఆ మహాగ్రంథము ఒక తమిళపల్లెసీమలో తెలుగక్షరములతో వెలువడెనన్న మాట మన పాఠ్యపుస్తకములలో ఎచ్చటను కానరాదు.

తెలుగువారి ఈ దక్షిణపు వలస ఎందులకు జరిగెనో కంబళత్తువారినడిగినచో ఒక కథ చెప్పుదురు. తురక ప్రభువొకడు తమ కన్యను కోరగా, మానము దక్కించుకొనుటకు రాత్రికి రాత్రి దక్షిణమునకు పాఱిపోవుచుండిరట. ఎదుట ఏఱు పొంగుచుండ, ఇరుదరుల నున్న కానుగచెట్లు వంగి, కొమ్మలు కలిపి వారధియై వారిని దాటించెనట. 1909లో ఎడ్గర్ థర్‌స్టన్ తన కులవర్ణన గ్రంథములో ఈ కథను వ్రాసియుంచి, అందుకే కంబళత్తువారు కానుగను పూజింతురనియు, వారి పెండ్లిపందిరి కానుగకొమ్మలతోనే వేయవలెననియు చెప్పినాడు. తమిళమున గొప్ప కథకుడైన కి. రాజనారాయణన్, తన గోపల్ల గ్రామమను నవలను (1976) ఇట్టి పలాయనకథమీదనే నిలిపెను. కోవిల్పట్టి దగ్గఱ ఇడైసేవలులో తెలుగింట పుట్టి, ఆ వలసవారి కథకే రెండవభాగముగ వ్రాసిన నవలకు 1991లో సాహిత్య అకాడెమీ బహుమానమందిన ఆయన, తన జాతి పురాణమును తమిళమున వ్రాయుట ఎవరును బలవంతపెట్టి చేయించినది కాదు. చేతికి వచ్చిన లిపి అదియే.

కథ కథగానుండనిండు. చరిత్రకారుడు నేలవైపు చూడవలెను. కావేరి, తామ్రపర్ణుల తడినేలలు తమిళరైతుల స్వాధీనమున పూర్వమే యుండెను. వానకెదురుచూచు నల్లరేగడి, తమిళులు కరిసల్ అను ఆ బరువునేల, దున్నువాడు లేక చాల మేర పడియుండెను. రాయలసీమ, పలనాటి రేగళ్లలో అరకపట్టిన చేతులకు ఆ నేల క్రొత్త కాదు. సాత్తూరు, అఱుప్పుకోట మొదలుకొని ఉడుమలపేట, పల్లడము వఱకు తెలుగుపల్లెలు రేగడి పరచుకొన్న చోటులనే పట్టి యుండుట యాదృచ్ఛికము కాదు.

ఆ రేగడిలో ప్రత్తి పండినది, ఆ ప్రత్తి కోయంబత్తూరును మార్చినది. 1888లో స్టేన్సు దొర అచ్చట నూలుమిల్లు నెలకొల్పగా, 1910లో కుప్పుస్వామినాయుడు లక్ష్మీమిల్లును స్థాపించెను. 1932లో పైకారా జలపాతము విద్యుచ్ఛక్తినీయగానే, బావులు త్రవ్వి మోటతోలి కూడబెట్టిన రైతుల పైకము కదుళ్లుగ మాఱి మిల్లు వెంట మిల్లు లేచినది. 1920లో పొల్లాచి పళనుల నడుమ తానే తోలుకొనిన ఒక్క బస్సుతో మొదలిడిన జి.డి. నాయుడు, 1937 నాటికి స్వదేశీయమైన విద్యుత్ మోటారును తయారుచేయించెను. పీలమేటి పి.యస్. గోవిందస్వామినాయుడుగారి కుమారులు నలువురు ఆస్తిని పంచుకొనునప్పుడు ధర్మమును అయిదవ సోదరునిగ నెంచి ఒక వాటాను 1926లో దానికి ధారపోసిరి. అందుండి సాంకేతిక కళాశాలయు, వైద్యశాలయు వెలసినవి. ఇంతటి ఔదార్యము తెలుగుజిల్లాలలోనే అరుదు. అట్లయ్యు ఆ పట్టణపు దానధర్మములన్నిటిలో తెలుగక్షరమునకు దక్కినది అత్యల్పము. యంత్రము ఆంగ్లమున, కూలీ తమిళమున, ఇల్లాలు తెలుగున మాటలాడు ఆ యిండ్లలో తెలుగు నేర్పవలెనని ఎవరికిని తోచకపోవుట సహజమే. నిందింపను గాని, దాచను. నేడక్కడి తెలుగిండ్లలో పెండ్లిపిలుపు తమిళమున అచ్చొత్తింతురు. పేరునకు ముందు తండ్రిపేరి పొడియక్షరమే యుండును. సంబంధము చూచునప్పుడు మాత్రము, సగోత్రము కారాదు గనుక, పెద్దలు ఇంటిపేరడుగుదురు.

ఇక ప్రభుత్వము మాట. 1955నాటి రాష్ట్రపునర్విభజన సంఘము, ఒక్క భాషవారు నూటికి డెబ్బదిమందికి తక్కువ కానిచోట ఏకభాషారాష్ట్రమనియు, అల్పసంఖ్యాకులు ముప్పదికి చేరినచోట ద్విభాషారాష్ట్రమనియు, జిల్లాలో పదునైదు ఇరువది వంతులున్నచో ప్రకటనలు వారి భాషలో వెలువడవలెననియు కొలతలు చెప్పెను. 1956లో రాజ్యాంగమున చేరిన 350-ఎ అధికరణము ప్రాథమికవిద్య మాతృభాషలో నందవలెననెను. అంతకుముందే 1949లో విద్యామంత్రులు నిర్ణయించిన ప్రకారము, బడి మొత్తమున నలుబదిమంది గాని తరగతికి పదిమంది గాని యున్నచో ఆ భాషకొక ఉపాధ్యాయుని నియమింపవలెను. వినుటకివి ధర్మబద్ధములే. 2011 జనాభాలెక్కలో తమిళనాట తెలుగు మాతృభాషగ చెప్పుకొన్నవారు 42 లక్షలకు పైగా, నూటికి 5.87 వంతు. ఆ సంఖ్య ఒక్కచోట కుప్పబోసినట్లుండిన పదునైదు వంతులకు చేరెడిదేమో. ఊరికి నాలుగు వీథులుగ, వీథికి పది యిండ్లుగ చెదరినది గనుక ఎచ్చటను చేరదు. మఱియు బడిలో తెలుగు కావలెనని ముందుగ చెప్పుకొన్నవారినే లెక్కింతురు. చదువరాని తెలుగును బడికై కోరుకొను తండ్రి అరుదు. కోరువారు లేరని పంతులును రాడు. పంతులు లేడని మఱి యొకతరము చదువు లేకయే పెరుగును.

2006 నాటి చట్టము తమిళమును ఒకటవ తరగతినుండి క్రమముగ పదవ తరగతి వఱకు నిర్బంధము చేసినది. దానికెదురు న్యాయస్థానములకెక్కిన అల్పసంఖ్యాకభాషా పాఠశాలలకు ఏటేట మినహాయింపులు దొరకినవి, 2023లో సుప్రీముకోర్టు సయితము అట్లే యొక యేడు గడువిచ్చెను. హోసూరు, చెన్నపట్టణపు తెలుగుబడులకు ఈ పోరాటము ప్రాణాధారము. కోయంబత్తూరు, మదురవారికి మినహాయింపు కోరుటకు బడియే యుండిన గదా! తమిళదేశమున బ్రతుకువాడు తమిళము నేర్వవలెననుట అన్యాయమని నేననను. నగరి, కుప్పము ప్రాంతములలో తమిళము మాటలాడు పిల్లలు తెలుగు నేర్వవలెనని మనము కోరుటలేదా? అడుగదగినది, తమిళము ప్రథమభాషగానుండగనే వారమునకు కొన్ని గంటలు తెలుగు చదువుటకు, వ్రాయుటకు వీలు. మాట ముందే నోటనున్న పిల్లవానికి లిపి పట్టుబడుటకు ఏండ్లు పట్టవు. మదుర కామరాజు విశ్వవిద్యాలయమున తెలుగుశాఖ యుండనే యున్నది. ఉపాధ్యాయులను సిద్ధపఱచు పని దానికప్పగింపవచ్చును. నగరి తమిళపిల్లలకు కావలసిన వాచకములను చెన్నపట్టణమునుండియు, కోయంబత్తూరు తెలుగుపిల్లలకు కావలసినవానిని అమరావతినుండియు తెప్పించుకొను ఒడంబడిక రెండు విద్యాశాఖలు వ్రాసికొనిన, దానికి సరిహద్దు సంఘము లక్కఱలేదు.

మొదలు పెట్టుట ఎచ్చటనను ప్రశ్నకు మిల్లుయజమానుల పేటలు నాకు తోచవు. కొంగునాట, మదురలో తెలుగు నేటికిని నిత్యవ్యవహారమున నిలిచియున్నది అరుందతీయుల వాడలలో. తోలుపనియు, పాకీపనియు తప్ప వేఱొకటి యియ్యని సంఘమున తెలుగును ఇంటిమాటగ నిలుపుకొన్న కుటుంబములు అందు పెక్కు. 2009లో తమిళప్రభుత్వము వారికి షెడ్యూలు కులముల వాటాలో ప్రత్యేకముగ నూటికి మూడువంతులు కేటాయించినది. తెలుగువారమైన మనము వారికిచ్చినది ఏమియు లేదు. దక్షిణాంధ్ర సభలకు పోయిన మన పండితులలో ఆ వాడ త్రొక్కినవారు ఎందఱో వ్రేళ్లమీద లెక్కింపవచ్చును. తరగతికి పదిమందియను నియమము ఎచ్చటనైన నెఱవేరు ఆశయున్నచో అది ఆ వాడల పక్కనున్న పురపాలక పాఠశాలలలోనే. మొదటి తెలుగు పంతులును, మొదటి వాచకముల కట్టయు అక్కడకే పోవలెను.