తెర ముందుకు రావలసిన పేర్లు

నేపథ్యమనగా తెర వెనుకటి తావు. చలనచిత్ర సంగీతానికి ఆ మాట ఎంతగా అమరినదో స్వరకర్తల బ్రతుకు చూచినవారికి తెలియును. పాట వీధి వీధినా మ్రోగును. కూర్చినవారి పేరు మాత్రం తరచు తెర దాటి రాదు.

మహబూబాబాద్ సమీపమున కంబాలపల్లిలో 1974 జూన్ 15న జన్మించిన చక్రధర్, చక్రి అను పేరుతో 2000లో పూరీ జగన్నాథ్ 'బాచి' చిత్రం ద్వారా సంగీత దర్శకులైనారు. 'ఇట్లు శ్రావణి సుబ్రహ్మణ్యం', 'ఇడియట్', 'సత్యం', 'దేశముదురు' ఆయనకు పేరు తెచ్చినవి. 2010 నాటి 'సింహా'కు నంది పురస్కారం లభించినది. 2014 డిసెంబరు 15న, నలభై యేండ్లకే, హైదరాబాదులో కన్నుమూసినారు.

ఇంత పేరు గడించిన వారికైనా దక్కవలసినదంతా దక్కినదా? 2005లో వచ్చిన 'చక్రం' చిత్రంలో, ఒంటరి మనిషి విశ్వకుటుంబ భావనను పలికిన గీతం తెలుగువారెందరికో కంఠస్థం. అది సిరివెన్నెల సీతారామశాస్త్రి రచన యని చాలమంది ఎరుగుదురు, ఎరుగవలసినదే. స్వరపరచినవారు చక్రి యనియు, పాడిన శ్రీ స్వయముగా సంగీత దర్శకుడే యనియు ఎందరు చెప్పగలరు? ఆ ముగ్గురును నేడు లేరు, పాట ఉన్నది.

సంగీత దర్శకుని వెనుక మరియొక తెర యున్నది. బాణీని స్వరలిపిలో వ్రాసి వాద్యబృందానికి పంచువారు, సంభాషణల నడుమ క్షణకాలపు దుఃఖానికి వయొలిన్ పలికించువారు, టెలివిజన్ ధారావాహికలకు దినదినమూ సంగీతం సమకూర్చువారు ఆ తెర చాటున నిలుతురు. ఘంటసాలకు చిరకాలం సహాయకులై, 2021లో నూరేండ్లు నిండిన పిదప అస్తమించిన పట్రాయని సంగీతరావు పేరు సంగీతజ్ఞులకు తెలిసినంతగా శ్రోతలకు తెలియదు.

జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి సీమల కళకు ఈ చాటు పరాయిది. మాణిక్యాపురం చుక్క సత్తయ్య వన్నె తెచ్చిన ఒగ్గుకథలో తెర లేదు. కథకుని ప్రక్కనే డోలు వాయించువాడును జనం కన్నుల యెదుట నిలుచును. కథ మెచ్చినవారు డోలును మెచ్చకుండ ఇల్లు చేరరు.

2012 నాటి కాపీరైటు చట్ట సవరణ, సినిమాహాలు ప్రదర్శన మినహా ఇతర వినియోగముల రాయల్టీలో స్వరకర్తకు సమాన భాగమును హక్కుగా ఇచ్చినది. దానిని వదలుకొన్నట్లు వ్రాయించుకొన్నను చెల్లదు. అది న్యాయమే. కాని ధనమొక యెత్తు, పేరొక యెత్తు. సహాయకుల, వాద్యకారుల పేర్లు చదువుటకు వీలైనంత సేపు తెరపై నిలుపుట నిర్మాతలకు భారము కాదు. ప్రసార సమయంలో ఆ పట్టికకు కత్తెర వేయకుండుట టెలివిజన్ సంస్థల కనీస ధర్మము. స్వరలిపి ప్రతులను చిత్తుకాగితములుగా పోనీయక గ్రంథాలయములు భద్రపరచవలెను. పాటను దాచుకొన్న జాతి, పాట కట్టినవారిని పోగొట్టుకొనరాదు.