షెల్ అలంకారము – రక్షణ విద్య

మన యువకులలో కంప్యూటరు రక్షణ విద్య నభ్యసింపవలెనను కుతూహలము నానాటికి ప్రబలుచున్నది. ఇందుకు మేము సంతసించుచున్నాము. కాని యీ విద్యను నిరపాయముగా నెట్లు నేర్వవలెనో చెప్పువా రరుదుగా నున్నారు.

తెరపై బొమ్మలను నొక్కుటకు మాఱుగా ఆజ్ఞలను వ్రాసి యంత్రముచే పని చేయించుకొను సాధనమునకు షెల్ అని పేరు. 1989లో బ్రయన్ ఫాక్సు రచించిన 'బాష్' అట్టి షెల్లులలో సుప్రసిద్ధము. 'బాష్‌ఆర్‌సీ' యను ఫైలులో నాలుగు పంక్తులు చేర్చినచో దాని రంగులు మాఱును. దీర్ఘములగు ఆజ్ఞలకు పొట్టి పేర్లు కుదురును. విద్యార్థి మొదట చేయు పని యిదియే. మొదట మోసపోవు తావును ఇదియే. ఎవరో వ్రాసిన పంక్తులను అర్థ మెఱుగకయే తెచ్చి యందు చేర్చుచున్నాడు. షెల్ తెఱచినప్పుడెల్ల ఆ పంక్తులు నడచును. అందు 'సుడో' యను ఆజ్ఞ పేరిట దొంగ యాజ్ఞ యొకటి దాగియున్నచో, యజమాని టైపు చేసిన పాస్‌వర్డు పరుల పాలగును. ఇంటికి రంగులు వేయవచ్చినవానికి తాళపుచెవుల గుత్తి నప్పగించుట వంటిది గదా యిది! కావున పాత ఫైలునకు నకలుంచుకొని, ప్రతి పంక్తిని చదివి, బోధపడిన దానినే చేర్చుకొనవలెను. రక్షణ విద్యకు ఓనమాలు ఇవియే.

ఇక రెండవ విషయము. తన పొలము దున్నుకొనుట వేఱు, పొరుగువాని గట్టు దాటుట వేఱు. 1988 నవంబరు 2వ తేదీన అమెరికాలో రాబర్టు మోరిసు అను విద్యార్థి విడిచిన 'పురుగు' వేలకొలది కంప్యూటర్లను స్తంభింపజేసెను. నష్టము కలిగించు నుద్దేశము లేదను వాదము న్యాయస్థానమున నిలువలేదు. మన దేశమందును, 2000వ సంవత్సరపు సమాచార సాంకేతిక చట్టము ననుసరించి, అనుమతి లేక పరుల యంత్రమున జొచ్చినవాడు నష్టపరిహారమునకు బాధ్యుడు. కపటబుద్ధితో చేసినచో 3 సంవత్సరముల వఱకు ఖైదుగాని, 5 లక్షల రూపాయల వఱకు జుల్మానాగాని, రెండునుగాని విధింపవచ్చును.

అట్లని పిల్లలను ఈ విద్యనుండి మరల్చుట అవివేకము. బ్యాంకులు, భూమి రికార్డులు, ఆసుపత్రులు కంప్యూటర్లపై నాధారపడిన యీ కాలమున కావలివారు మనకు కావలెను. తన యంత్రములోనే 'వర్చువల్' యంత్రము నొకదానిని నెలకొల్పి, బయటి నెట్‌వర్కుతో దానికి పొత్తు లేకుండ జేసి, అందు సాధన చేయవచ్చును. చెడినచో తుడిచివేసి మరల నిలుపుకొనవచ్చును. ఇట్టి సాధనశాల ప్రతి కళాశాలయందును ఉండవలెనని మా యభిప్రాయము. కుఱ్ఱవానికి ఈత నేర్పు చెఱువు చూపక, ఏటిలో దూకెనని దండించుట పెద్దలకు న్యాయము కాదు.