గెలుపు సరే, దాని వెల మాటేమిటి?

పెళ్లయి, ఇద్దరు పిల్లల తల్లయ్యాక ఒక స్త్రీ నటిని అవుతానంటే నలుగురూ ఏమంటారో వేరే చెప్పక్కర్లేదు. స్పెయిన్ నటి కార్మెన్ మౌరా విషయంలో అది మాటలతో పోలేదు. భర్త నుంచి విడిపోయాక పిల్లలు ఆమెకు దక్కలేదు.

1945లో మాడ్రిడ్‌లో, పేరున్న రాజకీయ కుటుంబంలో పుట్టిందామె. చిన్న వయసులోనే పెళ్లయింది. అది నియంత ఫ్రాంకో కాలం. పెళ్లయిన ఆడది ఉద్యోగం చేయాలన్నా, బ్యాంకులో ఖాతా తెరవాలన్నా మొగుడి అనుమతి ఉండాల్సిందే. ఆ నిబంధన 1975లో గాని పోలేదు. విడాకుల చట్టం 1981లో గాని రాలేదు. అలాంటి రోజుల్లో ఆమె సంసారం విడిచి నటన పట్టుకుంది.

పదేళ్లు నాటకాలు, చిన్న సినిమాలతోనే గడిచాయి. 1980లో, 35 ఏళ్ల వయసులో, పేద్రో అల్మొదోవార్ తీసిన మొదటి పెద్ద సినిమాలో ముఖ్యపాత్ర వేసింది. అప్పటికతను టెలిఫోన్ కంపెనీలో చిన్న ఉద్యోగి. ఆ సినిమాకి డబ్బు పోగుచేయడంలోనూ ఆమె సాయముంది.

1984లో వాళ్లిద్దరూ కలిసి చేసిన సినిమా పేరుకి అర్థం 'నేనేం చేశానని నాకీ శిక్ష?' అని. ఇరుకు ఫ్లాట్, టాక్సీ నడిపే మొగుడు, అత్తగారు, ఇద్దరు కొడుకులు. ఇంటి చాకిరీ చాలదన్నట్టు బయట పాచిపని. ఒళ్లు నిలబడటానికి మాత్రలు మింగే ఆ గృహిణిగా కార్మెన్‌ని చూస్తే, ఇది మనమెరిగిన మనిషేననిపిస్తుంది.

1988లో మరో అల్మొదోవార్ సినిమాకి స్పెయిన్ వారి గోయా అవార్డు, యూరప్ ఉత్తమనటి అవార్డు రెండూ వచ్చాయి. ఆ తర్వాత ఇద్దరికీ చెడింది. ఇక ఆమె పని అయిపోయిందా? 1990లో కార్లోస్ సౌరా సినిమాకి రెండో గోయా. 2000లో, 55 ఏళ్ల వయసులో, కథానాయికగానే మూడోది! 2006లో 'వోల్వేర్' కోసం ఆ దర్శకుడే ఆమెను మళ్లీ పిలిచాడు. చనిపోయిందనుకున్న తల్లి కూతుళ్ల దగ్గరికి తిరిగొచ్చే కథ అది. కేన్స్‌లో ఉత్తమనటి బహుమతిని ఆ సినిమాలోని ఆరుగురు స్త్రీలూ పంచుకున్నారు. నాలుగో గోయా కూడా దానికే.

ఇలాంటి కథలు చదివి 'పట్టుదల ఉంటే ఏదైనా సాధించవచ్చు' అనుకోవడం తేలిక. కానీ అవార్డులు లెక్కపెట్టినంత శ్రద్ధగా ఆ పిల్లలకు దూరమైన ఏళ్లు ఎవరు లెక్కపెట్టారు? షూటింగులంటూ నెలల తరబడి తిరిగే మగ నటుణ్ణి, పిల్లలా పనా తేల్చుకోమని ఎవరూ అడగరు. పని కావాలనుకున్న తల్లికి మాత్రం ఆ పరీక్ష ఎందుకు?

ఆమె ధైర్యాన్ని తప్పకుండా మెచ్చుకుందాం. అంత ధైర్యం లేకపోయినా ఒక ఆడది తన పని తాను చేసుకోగలిగే రోజు రావాలని కూడా కోరుకుందాం. ఆ రోజు తేవడం ఒక్క నటి వల్ల అయ్యేది కాదు. చట్టం మారాలి, ఇల్లు మారాలి. స్పెయిన్‌లో చట్టం మారింది. ఇల్లు మారడమే ఎక్కడైనా ఆలస్యం.