ప్రాణహిత గట్టున రాక్షసబల్లుల రాతి గ్రంథం
ఎముకలు నగరాలకు తరలాయి.. జన్మస్థలాలకు మిగిలింది పేరే!

మంచిర్యాల: ఉమ్మడి ఆదిలాబాద్ జిల్లా అనగానే గుర్తుకు వచ్చేది బొగ్గు, టేకు, గోదావరి. బొగ్గుకు విలువ కట్టే లెక్కలు ఉన్నాయి, టేకుకు కాపలా ఉంది. ఇదే నేలలో నిక్షిప్తమైన మరో సంపదకు మాత్రం అటు లెక్కా లేదు, ఇటు కాపలా లేదు. అదే శిలాజాల సంపద. ప్రాణహిత - గోదావరి లోయలో కోట్లాది సంవత్సరాల క్రితం నదులు మోసుకొచ్చిన ఇసుక, బంకమట్టి పొరలు పొరలుగా పేరుకొని రాళ్లయ్యాయి. ఆ పొరల నడుమ నాటి జీవరాశి ఆనవాళ్లు భద్రంగా మిగిలాయి.

ఈ పొరల్లో ప్రపంచ ప్రసిద్ధి పొందినది ‘కోట’ శిలా సముదాయం. ప్రాణహిత ఎడమ గట్టున, మహారాష్ట్రలోని సిరొంచ ప్రాంతంలో ఉన్న కోట అనే గ్రామం పేరే దానికి స్థిరపడింది. నది ఆవల ఒక రాష్ట్రం, ఈవల మరో రాష్ట్రం అయినా రాతిపొరకు సరిహద్దులు లేవు. సింగరేణి బొగ్గు పొరలు ఇంతకన్నా ఎంతో పాతవి. కోట పొరలు ఏర్పడింది జురాసిక్ యుగంలో. అడుగున ఇసుకరాయి, నడుమ సున్నపురాయి, పైన ఎర్రని బంకమట్టి కనిపిస్తాయి. నదులు, వరద మైదానాలు, మంచినీటి సరస్సులు ఒకదాని తర్వాత ఒకటి ఇక్కడ విలసిల్లాయనడానికి ఇవే సాక్ష్యాలు. ఇక్కడి సున్నపురాయిలో దొరికిన చేపల శిలాజాలు 19వ శతాబ్దంలోనే శాస్త్రజ్ఞుల దృష్టిని ఆకర్షించాయి.

ఠాగూర్ పేరిట మహాకాయం

కోల్‌కతాలోని భారతీయ గణాంక సంస్థ వ్యవస్థాపకులు మహలనోబిస్ ఆహ్వానంపై బ్రిటన్ శాస్త్రవేత్త పమేలా రాబిన్సన్ 1957లో భారత్‌కు వచ్చారు. ఆమె ప్రోద్బలంతో ఈ లోయలో అన్వేషణ ఊపందుకుంది. పోచంపల్లి అనే గ్రామ పరిసరాల్లో (చేనేతకు పేరుగాంచిన పోచంపల్లి ఇది కాదు) భారీ ఎముకలు బయల్పడ్డాయి. కనీసం ఆరు జంతువులకు చెందిన దాదాపు 300 ఎముకలు, చెట్ల మానుల శిలాజాలతో కలిసి దొరికాయి. తవ్వకాలు సాగిన 1961 రవీంద్రుని శతజయంతి వత్సరం కావడంతో, 1975లో దానికి ‘బారాపాసారస్ టాగోరై’ అని నామకరణం చేశారు. బెంగాలీలో ‘బారా పా’ అంటే పెద్ద కాలు. ఆ అస్థిపంజరం కోల్‌కతాలోని ఆ సంస్థ మ్యూజియంలో కొలువుదీరింది.

నాటి ఆదిలాబాద్ జిల్లా యామన్‌పల్లి వద్ద దొరికిన మరో శాకాహార రాక్షసబల్లికి భారత భూగర్భ సర్వేక్షణ సంస్థకు చెందిన పి.యాదగిరి 1988లో ‘కోటాసారస్ యామన్‌పల్లియెన్సిస్’ అని పేరు పెట్టారు. సుమారు 9 మీటర్ల పొడవున్న దీని అస్థిపంజరాన్ని హైదరాబాద్‌లోని బిర్లా సైన్స్ సెంటర్‌లో చూడవచ్చు. తొలినాటి క్షీరదాల సూక్ష్మమైన దంతాలు సైతం కోట పొరల్లో లభించాయి. ఇంతకన్నా పురాతనమైన మాలేరి పొరలు ఆసిఫాబాద్ ప్రాంతపు మాలేరి గ్రామం పేరును ప్రపంచ శాస్త్ర గ్రంథాలకు ఎక్కించాయి.

పరిరక్షణే ప్రశ్న

ఈ ఎముకలను నగరాలకు తరలించడాన్ని తప్పుపట్టలేము. శుభ్రపరచి, అతికించి, అధ్యయనం చేసే సదుపాయాలు అక్కడే ఉన్నాయి. అవి తరలకపోతే నేడు మిగిలేవి కావేమో. అయితే శిలాజం విలువలో సగభాగం అది దొరికిన చోటులోనే ఉంటుంది. ఏ పొరలో, ఏ లోతులో, వేటి సరసన లభించిందన్న వివరం చెదిరిపోతే మిగిలేది బరువైన రాయి మాత్రమే. వానకు మట్టి కోసుకుపోయి పైకి తేలిన ఎముక, ఎవరూ గుర్తించకపోతే కొన్ని ఋతువుల్లోనే ముక్కలవుతుంది. చేను చదును చేసేటప్పుడో, రాయి కొట్టేటప్పుడో పోయేదానికి లెక్కే ఉండదు.

భూవారసత్వ స్థలాల పరిరక్షణకు కేంద్ర గనుల శాఖ 2022 డిసెంబరులో ఒక ముసాయిదా బిల్లును విడుదల చేసింది. స్థలాలను గుర్తించడం, అవసరమైతే భూమిని సేకరించడం, ధ్వంసం చేసినవారిని శిక్షించడం అందులోని ముఖ్యాంశాలు. ఇక్కడే ఒక చిక్కు ఉంది. శిలాజం దొరికిందని చెబితే భూమి పోతుందన్న భయం రైతుకు కలిగితే, అతడు చెప్పడానికి బదులు పూడ్చేస్తాడు. కనుక దండనకన్నా ముందు భరోసా కావాలి. సమాచారమిచ్చిన వారికి గుర్తింపు, పంట నష్టానికి పరిహారం ఉన్నప్పుడే ఏ చట్టమైనా పొలం గట్టు దాకా చేరుతుంది.

నదికి ఆవల గడ్చిరోలి జిల్లాలో వడధాం శిలాజ ఉద్యానం వెలిసింది. ఈవలి ఒడ్డున ఆ స్థాయి కాకున్నా, తవ్వకాలు జరిగిన చోట ఒక ఫలకం, మండల కేంద్రంలో నమూనాలతో ఒక గది, పాఠశాలల్లో ఒక పాఠం పెద్ద ఖర్చుతో కూడినవి కావు. యామన్‌పల్లి పేరు ప్రపంచ శాస్త్రవేత్తల నోట నానుతోంది. ఆ పేరు ఎందుకు నానుతోందో ఆ ఊరి బిడ్డలకు తెలియజెప్పడమే పరిరక్షణకు తొలి మెట్టు.