కొండ ఎక్కేది మనం.. బరువు మోసేది ఎవరు?

డిసెంబర్ రాంగనే మన ఫోన్లల్ల మంచు కురుస్తది. కేదార్‌కంఠ శిఖరం మీద జెండా పట్టుకొని ఒకరు, హర్ కీ దూన్ లోయల టెంటు ముందట చాయ్ తాగుకుంట ఇంకొకరు. ఒకప్పుడు గివి హైదరాబాద్ సాఫ్ట్‌వేర్ పిల్లల రీల్స్ మాత్రమే. ఇప్పుడు సిద్దిపేట, జగిత్యాల, నల్లగొండ డిగ్రీ పోరగాండ్లు గూడ చిట్టీ పైసలు ఎత్తి మరీ పోతున్నరు. ‘ఆరేడు రోజులు, గైడు, తిండి, టెంటు అన్నీ మావే, మొదటిసారి ఎక్కేటోళ్లకు గూడ అల్కనే’ అని ప్యాకేజీలు ఊరిస్తయ్. పది పదిహేను వేలు, రైలు కిరాయి అదనం.

పోవుడు తప్పు కాదు. గుట్ట ఎక్కే హక్కు పైసలున్నోళ్లకే రాసిపెట్టలేదు. కానీ మనం ఎక్కే కొండ ఖాళీ జాగ కాదు. ఆడ ఊర్లున్నయ్, పొలాలున్నయ్, గొర్లు కాసేటోళ్లున్నరు. మనం ఇచ్చిన పైసలు ఆ ఊరికి ఎంత పోతున్నయ్? మన బ్యాగు ఎవరి వీపు మీద ఎక్కుతున్నది? గీ ప్రశ్న మనమే అడగాలె. ఎందుకంటే మనవి గూడ పల్లెలే. బయటోడు వచ్చి ఫొటో తీసుకొని పోతే మన ఊరికి ఏం మిగులుతదో మనకు ఎరుకే.

సాంక్రీ కాడ ఆగి చూస్తే

ఉత్తరాఖండ్‌ల ఉత్తరకాశీ జిల్లా, మోరీ బ్లాకుల సాంక్రీ అని ఒక ఊరుంది. డెహ్రాడూన్ నుంచి సుమారు 200 కిలోమీటర్లు, జీపుల పోతే దినమంత ప్రయాణం. కేదార్‌కంఠకు, హర్ కీ దూన్‌కు ఈడికెల్లే నడక మొదలు. ఆడికెల్లి తాలుకా దాకా జీపుల పోయి, సూపిన్ నది పొంట గంగాడ్, ఓస్లా ఊర్ల మీదికెల్లి హర్ కీ దూన్ లోయకు చేరుతరు. లోయ ఎత్తు 3,500 మీటర్ల పైనే. ఎదురుంగ స్వర్గారోహిణి కొండలు. పాండవులు గా దారినే స్వర్గానికి పోయిండ్రని ఆడోళ్లు చెప్పుకుంటరు.

ఓస్లాల ఇండ్లు దేవదారు కట్టెతోని కట్టినయ్. కింద పశువులు, పైన మనుషులు. ఊరి నడుమ చెక్క మీద చెక్కిన పాత గుడి. దాన్ని బయటోళ్లు ‘దుర్యోధనుడి గుడి’ అని ప్రచారం చేసిండ్రు. ఊరోళ్లు మాత్రం సోమేశ్వరుడి గుడి అంటరు. ఒక ఊరి దేవుని పేరు గూడ ట్రెక్కు కథలల్ల మారిపోతదంటే, ఆ ఊరి మాట ఎంత వినబడుతున్నదో సమజ్ చేసుకోవచ్చు.

ఆ లోయలు గోవింద్ పశు విహార్ అభయారణ్యం కిందికి వస్తయ్. 1955ల అది అభయారణ్యమైంది, ఎనుకట నుంచి ఉన్న ఊర్లు దాని నడుమ చిక్కినయ్. రోడ్డు వెయ్యాలన్నా, కట్టె తెచ్చుకోవాలన్నా అటవీశాఖ ముందట నిలబడాలె. పైకెల్లి కట్టె ఇండ్లు, చలికాలం పొయ్యి ఆరదు. సాంక్రీ పక్కనున్న సావణీ ఊర్ల 2025 జనవరిల నిప్పంటుకొని ఇండ్లు కాలిపోయినయ్. అదే నెలల, ఆ పక్కకెల్లే వందల మంది టూరిస్టులు కేదార్‌కంఠకు ఎక్కుతుంటరు. గుట్ట మీది మంచు రీల్ అయితది గానీ గుట్ట కింద కాలిన ఇల్లు కాదు.

పైసలు ఏ దారి పడుతున్నయ్?

ట్రెక్కు యాపారం ఎట్ల నడుస్తదో చూద్దాం. బుకింగ్ తీసుకునేది శానమటుకు నగరాల కంపెనీలు. యాప్, వెబ్‌సైట్, ప్రకటన వాళ్లవే. ఆడ గైడు, వంటమనిషి, సామాను మోసే హమాలీ, కంచర గాడిదలను నడిపేటాయన.. వీళ్లందరు ఊరోళ్లు. అంటే పైసలు ముందుగాల నగరానికి పోయి, ఆడికెల్లి కోతలు పడుకుంట కొండ ఎక్కుతయ్. చివర కూలి రూపంల ఊరికి చేరుతయ్.

గిది మనకు కొత్త కథనా? పాలమూరు లేబర్‌ను మేస్త్రీ గుంపుగ కట్టుకొని పోయినప్పుడు గూడ గిదే లెక్క. పని చేసేది ఒకడు, బేరం మాట్లాడేది ఇంకొకడు. గల్ఫుకు పోయిన మన అన్నలను అడుగుండ్రి, ఏజెంటు చేతిల ఎంత ఆగిందో చెప్తరు.

టెంటుకు, ఇంటికి నడుమ గూడ తేడా ఉంది. అడవిల కంపెనీ టెంటు ఏస్తే, ఊరికి దొరికేది మోత కూలి మాత్రమే. అదే ఓస్లాలనో, గంగాడ్‌లనో ఒక ఇంట్ల పండుకొని, ఆ ఇంటామె చేసిన రాజ్మా కూర, రొట్టె తింటే.. పైసలు సక్కగ ఆమె చేతికి పోతయ్. ఆమె పొలంల పండిన గింజ ఆమె ఇంట్లనే అమ్ముడుపోతది. ఒక్క రాత్రి యాడ పండుకుంటం అన్న చిన్న నిర్ణయం తోని గింత ఫరక్ పడుతది.

హమాలీ బరువుకు గూడ హద్దు ఉండాలె. పెరూ దేశంల ఇంకా దారి మీద సామాను మోసేటోళ్ల కోసం 2001ల ప్రత్యేక చట్టమే తెచ్చిండ్రు. ఒక్కొక్కరు మోసే బరువుకు లెక్క కట్టిండ్రు. ఆ దారి మీదికి రోజుకు పోయేటోళ్ల సంఖ్యకు గూడ హద్దుంది. మన దగ్గర ‘బ్యాగు మోయించుకోవాల్నంటే ఇంత అదనం’ అని ప్యాకేజీల రాసి ఉంటది. మోసేటాయనకు బీమా ఉన్నదా, చెప్పులున్నయా, మంచుల కప్పుకోనీకి ఏమున్నది అన్నది మాత్రం రాసి ఉండదు.

అట్లని ట్రెక్కులే వద్దంటే ఊరు బాగుపడుతదా? అది గూడ కాదు. ఉత్తరాఖండ్ వలసల కమిషన్ 2018ల ఒక నివేదిక ఇచ్చింది. 2011 తర్వాత ఆ రాష్ట్రంల 734 ఊర్లు మనుషులు లేకుంట అయినయని అందుల రాసింది. తాళం ఏసిన ఇండ్లు, బీడు పడ్డ మెట్ల పొలాలు. పిల్లలు డెహ్రాడూన్, ఢిల్లీ హోటళ్లకు పని కోసం దిగిపోయిండ్రు. గట్లాంటి చోట ఒక పోరడు గైడుగ తన ఊర్లనే బతుకుతున్నడంటే అది చిన్న విషయం కాదు. అందుకే లొల్లి ట్రెక్కు ఉండాల్నా వద్దా అని కాదు. ట్రెక్కు ఎవరి చేతిల ఉండాలె అన్నదే అసలు లొల్లి.

బంద్ పెడితే ఎవరికి దెబ్బ?

గీ లొల్లి కోర్టు దాకా గూడ పోయింది. చమోలీ జిల్లాల ఆలీ, బేద్నీ అని ఎత్తు మీద పెద్ద గడ్డి మైదానాలున్నయ్. వాటిని ఆడ బుగ్యాల్ అంటరు. మనిషి ఎముకలు బయటపడ్డ రూప్‌కుండ్ చెరువుకు దారి గీ మైదానాల మీదికెల్లే. వందల టెంట్లు, ప్లాస్టిక్, గాడిదల మంద పడి గడ్డి పాడైతున్నదని ఆ ప్రాంతపు సంరక్షణ సమితే కోర్టుకు పోయింది. 2018 ఆగస్టుల ఉత్తరాఖండ్ హైకోర్టు తీర్పిచ్చింది. బుగ్యాళ్ల మీద రాత్రి పండుకునుడు బంద్, పోయేటోళ్లు 200 మందికి మించొద్దు, పక్కా కట్టడాలు తీసెయ్యాలె.

గడ్డికి మేలే అయింది. కానీ లోహాజంగ్, వాణ్ లాంటి ఊర్ల గైడుల పని ఒక్కసారే పడిపోయింది. నగరం కంపెనీ ఏం చేసింది? వేరే కొండకు ప్యాకేజీ మార్చుకుంది. ఊరు మాత్రం కొండ మార్చుకోలేదు గదా! పాడు చేసినప్పుడు లాభం అందరూ పంచుకున్నరు. బంద్ పడ్డప్పుడు నష్టం ఊరొక్కటే మోసింది.

ఇంతకంటే పాత కథ లాతా ఊరిది. చిప్కో ఉద్యమంల 1974 మార్చి 26న గౌరాదేవి, ఆడోళ్లు చెట్లను కావలించుకొని కాపాడిన రైణీ ఊరికి పక్కనే ఉంటది లాతా. నందాదేవి కొండకు పోయే దేశవిదేశాల పర్వతారోహకులకు ఆ ఊర్లోళ్లే సామాను మోసేది. చెత్త పెరిగిందని 1982ల నందాదేవిని జాతీయ పార్కు చేసి లోపలికి దారి మూసేసిండ్రు. ఎక్కేటోళ్లతోని పాటు గొర్లు మేపేటోళ్లకు, మందు మొక్కలు ఏరేటోళ్లకు గూడ దారి బందైంది. చెట్లను కాపాడిన మనుషులనే అడవికి దూరం చేసిండ్రు.

వాళ్లు ఊకోలేదు. 1998ల ‘ఝప్టో ఛీనో’ అంటే ‘లాక్కోండ్రి, గుంజుకోండ్రి’ అనుకుంట లోపలికి నడిచిండ్రు. 2001ల ఊరంతా కూసొని పర్యాటకం మా దగ్గర ఎట్లుండాల్నో మేమే చెప్తమని ఒక ప్రకటన రాసుకున్నరు. గైడు పని, ఇంటి ఆతిథ్యం ముందుగాల ఊరోళ్లకే, అడవి మీద మా హక్కు మాకు, మా సంస్కృతిని అమ్మకానికి పెట్టొద్దు.. ఇదీ దాని సారం. 2003ల పార్కు కొంతమేర తెరిచిండ్రు, అది గూడ లెక్కతోని. 2021 ఫిబ్రవరి 7న గదే రైణీ పక్కన వరద వచ్చి రిషిగంగ కరెంటు ప్రాజెక్టు కొట్టుకుపోయింది, రెండు వందల మందికి పైగ సచ్చిపోవుడో, జాడ లేకుంట పోవుడో అయింది. ఆ కొండలు ఎంత బరువు మోస్తయో ముందుగాల తెలిసేది ఆ ఊరోళ్లకే. అడిగేటోళ్లు ఉండాలె గంతే.

పానం సంగతి గూడ యాదికుండాలె

‘మొదటిసారి ఎక్కేటోళ్లకు అల్కనే’ అన్న మాట మీద జర ఆగాలె. 2024 జూన్ మొదట్ల సహస్రతాల్ ట్రెక్కుకు పోయిన కర్ణాటక బృందం మంచు తుఫానుల చిక్కింది. 9 మంది పానాలు పోయినయ్. గైడు లేక కాదు, గైడుతోని పోయినోళ్లే. ఎత్తు మీద వాతావరణం ఒక్క పూటల తిరగబడుతది.

హైదరాబాద్ సముద్రమట్టానికి సుమారు 500 మీటర్ల పైన ఉంటది. ఆడికెల్లి నాలుగైదు రోజులల్ల 3,500 మీటర్లకు పోతే పానానికి గాలి సాలదు. 2,500 మీటర్లు దాటినంక తలనొప్పి, ఒకారం, తల తిరుగుడు, నిద్ర పట్టకపోవుడు వస్తే అది అలసట అని కొట్టిపారెయ్యొద్దు. 3,000 దాటినంక పండుకునే చోటు ఒక్క రోజుల 500 మీటర్లకు మించి పెరగొద్దని డాక్టర్లు చెప్తరు. కూసున్నా ఆయాసం ఆగకపోతే, తాగినోని లెక్క నడక తూలితే ఇగ ఆలోచన లేదు, అర్ధరాత్రి అయినా కిందికి దిగాల్సిందే. కబడ్డీ ఆడేటోనికి గూడ గిది రావచ్చు, కండ ఉన్నంత మాత్రాన రాదని కాదు. ‘పైసలు కట్టిన, శిఖరం చూపియ్యాల్సిందే’ అని గైడు మీద వత్తిడి పెట్టేటోడు తన పానంతోని పాటు గైడు పానం గూడ పణంగ పెడుతున్నట్టే.

మన గుట్టల కాడికి వస్తే

మనకు కొండ కొత్తది కాదు. నిజామాబాద్ జిల్లా పాకాల ఊరి బిడ్డ మాలావత్ పూర్ణ 2014 మే 25న ఎవరెస్ట్ ఎక్కింది. అప్పటికి ఆమెకు పద్నాలుగేండ్లు నిండలేదు. ఖమ్మం జిల్లా పోరడు ఆనంద్ ఆమెతోనే ఎక్కిండు. ఇద్దరూ గురుకులం పిల్లలే. భువనగిరి గుట్ట మీద పట్టు నేర్చి, డార్జిలింగ్‌ల శిక్షణ తీసుకొని పోయిండ్రు. అంటే మన పిల్లలకు గీ రంగంల సత్తా ఉన్నది. పైసలు కట్టి ఎక్కేటోళ్లం మాత్రమే కాదు, శిక్షణ దొరికితే నడిపించేటోళ్లం గూడ కావచ్చు.

ఇగ టూరిజం మన ఏజెన్సీకి గూడ వచ్చింది. లంబసింగి చలి, వంజంగి మబ్బులు చూడనీకి సెలవు దినం వస్తే కార్లు బారులు కడుతయ్. ఆదిలాబాద్ జలపాతాల కాడ గదే పరిస్థితి. పొద్దుగూకే సరికి మిగిలేది సీసాలు, ప్లాస్టిక్. ఆదివాసీ బిడ్డ చేతికి దొరికేది చాయ్ బండి, పార్కింగ్ చీటి.

ఉత్తరాఖండ్ భూమి చట్టాలను 2018ల సడలించింది. బయటోళ్లు కొనుడు పెరిగింది, జనం రోడ్డెక్కిండ్రు. చివరికి 2025ల 11 జిల్లాలల్ల బయటోళ్లు వ్యవసాయ, తోటల భూములు కొనకుంట చట్టం తేవాల్సి వచ్చింది. మన ఏజెన్సీకి 1970 నుంచే 1/70 చట్టం కాపలా ఉన్నది. గదాన్నే పర్యాటకం కోసం మార్చాలన్న మాట 2025 మొదట్ల ఆంధ్రప్రదేశ్ అసెంబ్లీ స్పీకర్ నోటికెల్లి వచ్చింది. పాడేరు ఏజెన్సీ బంద్ అయింది. చట్టాన్ని తీసెయ్యమని ముఖ్యమంత్రి చెప్పాల్సి వచ్చింది. వాళ్లు చట్టం పోగొట్టుకొని మళ్ల తెచ్చుకుంటున్నరు. మనం ఉన్నది పోగొట్టుకుంటే మళ్ల తెచ్చుకోనీకి ఎన్నేండ్లు పడుతదో!

పోయే ముందు నాలుగు మాటలు అడుగుండ్రి

గీసారి ప్యాకేజీ కట్టే ముందు కంపెనీకి ఫోన్ చేసి గట్టిగ అడుగుండ్రి. గైడు ఏ ఊరాయన? హమాలీ ఎన్ని కిలోలు మోస్తడు, బీమా ఉన్నదా? ఊర్ల ఇంట్ల పండుకునే ఏర్పాటు ఉన్నదా? మనం చేసిన చెత్త ఎవరు కిందికి తెస్తరు? జవాబు నీళ్లు నమిలినట్టు వస్తే ఇంకో దారి ఎతుక్కోండ్రి. సాంక్రీ లాంటి ఊర్లల్ల ఊరి పిల్లలు సొంతంగ నడిపే బృందాలు గూడ ఉన్నయ్, ఫోన్ కొడితే దొరుకుతరు. మీ బ్యాగు మీరే మోసుకొని, మోయించుకుంటే కూలి సక్కగ ఇచ్చి రాండ్రి.

కొండ ఎక్కి దిగినంక మన కాళ్ల నొప్పి నాలుగు దినాలు ఉంటది. ఆ ఊరి మీద మన బరువు ఎన్ని దినాలు ఉంటదన్నది గూడ లెక్కల పెట్టుకోవాలె. రేపు మన ఊరి గుట్ట కాడికి వచ్చేటోళ్లు మనతోని ఎట్లుండాల్నో, గియ్యాల ఓస్లాల మనం గట్లనే ఉందాం.