కింద తెలుగు అక్షరాలు వేయండి

ముప్పై ఏళ్లు బధిర పిల్లలకు పాఠాలు చెప్పాను. వాళ్లు సినిమా ఎలా చూస్తారో నాకు తెలుసు. ఫైట్లు, డాన్సులు ఉన్నంతసేపూ కళ్లు తిప్పరు. తెరమీద ఇద్దరు నిలబడి మాట్లాడుకోవడం మొదలుపెట్టగానే నా కొంగు లాగి, ఏమంటున్నారని సైగ చేస్తారు. నేను చెప్పేలోగా సీను దాటిపోతుంది.

ఒక దసరా సెలవుల ముందు హాస్టల్లో వీసీఆర్ అద్దెకు తెచ్చి ‘పుష్పక విమానం’ వేశాం. సింగీతం శ్రీనివాసరావు గారు 1987లో తీసిన ఆ సినిమాలో ఒక్క డైలాగూ ఉండదు. హంతకుడి చేతిలో మంచు కత్తి కరిగిపోతుంటే పిల్లలూ, ఆయాలూ, నేనూ ఒకేసారి నవ్వాం. అన్నేళ్లలో అలా అందరం కలిసి నవ్వడం అదే మొదటిసారి.

ఒక్కచోట మాత్రం ఆగాల్సి వచ్చింది. పెద్ద హోటల్లో కమల్‌హాసన్‌కి నిద్ర పట్టదు. తన పాత గది దగ్గరి సినిమా హాలు గోలను టేపులో పట్టి తెచ్చుకుని, అది పెట్టుకుని పడుకుంటాడు. మీట నొక్కితే నిద్రెలా వచ్చిందని ఒక పదేళ్ల బాబు అడిగాడు. ఆ సినిమాలో లేనివి మాటలే, చప్పుళ్లున్నాయి. వాడి అరచెయ్యి తీసుకెళ్లి టీవీ స్పీకరు మీద ఆనించాను. కాసేపు అలాగే ఉంచి, తలూపి, వెళ్లి కూర్చున్నాడు.

ఉదయగిరిలో 1931లో పుట్టిన సింగీతం గారు ‘మాయాబజార్’కి కె.వి.రెడ్డి గారి దగ్గర సహాయకుడిగా పనిచేశారు. రాజాజీ నవలను తమిళంలో ‘దిక్కట్ర పార్వతి’గా తీశారు. ప్రమాదంలో కాలు పోగొట్టుకుని, జైపూర్ పాదంతో మళ్లీ నాట్యం చేసిన సుధాచంద్రన్ చేతే ఆమె కథను ‘మయూరి’లో నటింపజేశారు. మా పిల్లలకు నేను పదేపదే చెప్పిన కథ అది. తర్వాత కాలయంత్రంతో ‘ఆదిత్య 369’, ఆపైన జానపదం ‘భైరవద్వీపం’. కన్నడంలో సంగీత దర్శకత్వం కూడా చేశారు. వీటిలో ఏ రెంటికీ పోలిక లేదు. మాట చేయాల్సిన పనిని బొమ్మ చేత చేయించడం మాత్రం అన్నిట్లో కనిపిస్తుంది. అందుకే ఆయన సినిమాల్లో మా పిల్లలు నన్ను తక్కువసార్లు పిలిచేవాళ్లు. అయినా ‘ఆదిత్య 369’లో కృష్ణదేవరాయల సభ దగ్గరికొచ్చేసరికి కథ వాళ్లకు అందలేదు. అక్కడ పనంతా మాటలదే.

ఆ సినిమా 2025లో 4కెలో మళ్లీ హాళ్లకొచ్చింది. పాత సినిమాలకు మెరుగులు దిద్ది విడుదల చేసే నిర్మాతలకు, ఓటీటీల వాళ్లకు, టీవీ చానళ్లకు నాదొక్కటే విన్నపం. బొమ్మకు అంత ఖర్చు పెడుతున్నారు, కింద తెలుగు అక్షరాలు కూడా వేయండి. ఇంగ్లిషువి చాలవు. పాత్రలు అనేదే కాదు, తలుపు చప్పుడు, ఫోను మోత, పక్కింటి గోల కూడా రాయండి. మా పిల్లలకు తెలుగు చదవడం వచ్చు.