కావడి మోసిన శిల్పం.. కెమెరా చూసిన శిల్పి

పాత్రపూర్ వైపు పల్లెల్లో కావడి ఎవరికీ కొత్త కాదు. ఆ కావడినే 1938లో శాంతినికేతన్‌లో శిల్పంగా నిలబెట్టారు రామ్‌కింకర్ బైజ్. తట్టలో పసివాడు, నెత్తిన సామానుతో ఇల్లాలు, పక్కనే కుక్క.. ఊరొదిలి పోతున్న సంతాల్ కుటుంబమది. కంచు కొనే స్తోమతు లేదు. సిమెంటు, ఎర్ర కంకర కలిపి చేశారు. రాజులకు, దొరలకు విగ్రహాలు పోసే రోజుల్లో కూలోళ్లకు విగ్రహం పెట్టారన్నమాట!

1956లో మరో శిల్పం. మిల్లు కూత విని పరుగెత్తే ఆడకూలీలు, గాలికి ఎగిరే తడి చీరలు, వెనకాలే పిల్లాడు. సూరత్ మరమగ్గాలకు వలసపోయే గంజాం జనానికి ఆ పరుగు తెలియనిదా? ముక్కూ మొహం తీర్చిదిద్దడం కాదు, లోపలి వేదనకు తగ్గట్టు రూపాన్నే వంచడం రామ్‌కింకర్ పద్ధతి. దాన్నే భావవ్యక్తీకరణవాదం అంటారు.

ఈ శిల్పిని దర్శకుడు రిత్విక్ ఘటక్ 1975లో డాక్యుమెంటరీగా తీశారు. అందులో పొగడ్తల దండకం లేదు. ఇద్దరు స్నేహితులు కూర్చుని మాట్లాడుకున్నట్టే ఉంటుంది. కప్పు కారుతుంటే తను గీసిన బొమ్మల కాన్వాసులనే అడ్డం పెట్టుకున్న సంగతి కూడా శిల్పి దాచుకోరు. 1970లోనే పద్మభూషణ్ అందుకున్న మనిషి ఆయన!

సినిమా పూర్తికాకుండానే 1976 ఫిబ్రవరిలో ఘటక్ పోయారు. 1980లో రామ్‌కింకర్ కూడా కన్నుమూశారు. మరో ఏడాది చూద్దాంలే అనుకుంటే ఆ గొంతు మనకు దక్కేదా? అసంపూర్తి అయినా ఇవాళ ఆ రీళ్లే సాక్ష్యం.

శిల్పం ఉంటే చాలదా, సినిమా ఎందుకు అనేవారున్నారు. శిల్పం చేసిన పనిని చూపిస్తుంది. చేసిన చేతిని, పడ్డ పాట్లను చూపించదు కదా.

బరంపురంలో రెండేళ్లకోసారి ఠాకురాణి యాత్రకు వీధివీధినా రథాలు కడతారు. వినాయక చవితికి మట్టి విగ్రహాలు చేస్తారు. పండగయ్యాక విగ్రహం నీళ్లపాలు, చేసినవాడి పేరు మరుపు పాలు. ఒకప్పుడు కెమెరా అంటే ఖర్చు. ఇప్పుడు ప్రతి జేబులోనూ సెల్‌ఫోన్ ఉంది. దాంతో పెళ్లి భోజనాలు తీస్తున్నాం, మట్టి పిసికే ముసలాయన్ని తీయలేమా? ఆయన తెలుగైనా ఒడియా అయినా, ఆయన మాటలోనే చెప్పనివ్వాలి. బడి పిల్లలకు, యువజన సంఘాలకు ఇది ఒక్క ఆదివారం పని. చేతులు ఆడుతున్నప్పుడే తీయాలి. పోయాక దండేసి ఏం లాభం?